పంపులు–తొట్టెలు: రొయ్యల గుంట దగ్గర పట్టుబడిన లెక్క

మొదటిసారి రైల్వే ఉద్యోగాల పరీక్ష ఆర్‌ఆర్‌బీ ఎన్‌టీపీసీ రాసినప్పుడు, రెండు పంపులు కలిసి తొట్టిని ఎంతసేపట్లో నింపుతాయనే పంపుల లెక్క ఒక్కదాని మీదే నాలుగు నిమిషాలు పోగొట్టుకున్నాను. మొదటి దశలో 90 నిమిషాలకు 100 ప్రశ్నలు. అంటే ప్రశ్నకు 54 సెకన్లు. నాలుగు నిమిషాలు పోయాయంటే మరో మూడు ప్రశ్నలు చదవకుండా వదిలేసినట్టే. అంత కష్టపడి పెట్టిన జవాబూ తప్పే, దానికి మూడో వంతు మార్కు కోత.

సూత్రం రాక కాదు. రెండు కాలాల లబ్ధాన్ని వాటి మొత్తంతో భాగించాలని నిద్రలో లేపి అడిగినా చెప్పేవాణ్ణి. కానీ మధ్యలో ఒక పంపు ఆపేశారన్నా, అడుగున తూము తెరిచారన్నా ఆ సూత్రం అక్కరకు రాదు. భిన్నాలు కూడుతూ, తీసివేస్తూ దారి తప్పేవాణ్ణి.

మాది ఇందుకూరుపేట మండలం. నెల్లూరులో గది తీసుకుని చదువుకుంటూ ఒక ఆదివారం ఇంటికి వెళ్లాను. నాన్న కౌలుకు చేస్తున్న అరెకరం రొయ్యల గుంటకు ఆ రోజే నీళ్లు పెడుతున్నారు. గుంటలో ఒక కర్ర పాతి ఉంది. దాని మీద అంగుళానికొకటి చొప్పున ఎర్ర రంగు గీతలు, 48వ గీత దగ్గర గుడ్డపీలిక. ఏడింటికి పెద్ద మోటారు వేశారు. గంట తర్వాత నన్ను పిలిచి, “ఎన్ని గీతలు మునిగాయో చూడరా” అన్నారు. మూడు. అది ఆపి చిన్న మోటారు వేస్తే గంటలో ఇంకో రెండు మునిగాయి. తొమ్మిదింటికి రెండూ వేసి, “గంటకు ఐదు లెక్కన సాయంత్రం ఐదున్నర దాటాక వచ్చి ఆపు” అని వేరే పనికి వెళ్లిపోయారు.

మిగిలింది 43 అంగుళాలు. ఐదుతో భాగిస్తే 8 గంటల 36 నిమిషాలు. సరిగ్గా 5.36! గట్టు మీద కూర్చుని చాలాసేపు ఆ కర్ర వంకే చూశాను. నాన్న ‘ఎంతసేపట్లో నిండుతుంది’ అని మొదలుపెట్టలేదు, ‘గంటకు ఎంత లేస్తుంది’ అని మొదలుపెట్టారు. కాలాలను కలపలేం. గంటకు జరిగే పనినే కలపగలం, తీసివేయగలం.

ఇక పుస్తకంలోకి రండి. ఒక పంపు 16 గంటల్లో, మరొకటి 24 గంటల్లో తొట్టిని నింపుతాయి. 16, 24ల క.సా.గు. 48. ఆ 48ని కర్ర మీది గీతలనుకోండి. గంటకు ఒకటి 3 గీతలు, మరొకటి 2 గీతలు నింపుతాయి. కలిపి 5 కాబట్టి 9.6 గంటలు, అంటే 9 గంటల 36 నిమిషాలు. హడావుడిలో 9 గంటల 6 నిమిషాలని గుర్తించకండి. 16 గంటల్లో నింపే పంపుకు కారడం వల్ల 24 గంటలు పట్టిందంటే, గంటకు 3 రావాల్సిన చోట 2 వచ్చాయి, ఒకటి కారిపోయింది. నిండు తొట్టి 48 గంటల్లో ఖాళీ అవుతుంది. భిన్నం అవసరమే లేదు.

నన్ను ఎక్కువగా దెబ్బతీసింది గంట మార్చి గంట తెరిచే లెక్క. రెండు గంటలకు 5 గీతలు కదా అని 48ని 5తో భాగించి రెండుతో గుణిస్తే 19 గంటల 12 నిమిషాలు వస్తుంది. అది తప్పు. తొమ్మిది విడతలకు, అంటే 18 గంటలకు 45 గీతలు నిండుతాయి. మిగిలిన మూడింటి దగ్గర ఆగి, ఇప్పుడు వంతు ఎవరిదని అడగాలి. పెద్దదానితో మొదలుపెట్టి ఉంటే ఒక గంట చాలు, మొత్తం 19 గంటలు. చిన్నదానితో మొదలుపెట్టి ఉంటే అది గంటలో రెండు నింపుతుంది, చివరి గీతకు పెద్దది 20 నిమిషాలు తీసుకుంటుంది. మొత్తం 19 గంటల 20 నిమిషాలు.

తూము ఉంటే ఇంకా జాగ్రత్త. పెద్ద పంపు ఒక గంట, గంటకు ఒక గీత ఖాళీ చేసే తూము తర్వాతి గంట. రెండు గంటలకు నికరంగా 2 గీతలు కాబట్టి 48 గంటలని చెప్పేస్తాం. కానీ 46 గంటలకు 46 గీతలు నిండి, మళ్లీ పంపు వంతు వస్తుంది. మిగిలిన రెంటికి దానికి 40 నిమిషాలు చాలు. తూము వంతు రాకముందే తొట్టి నిండిపోయింది! ఈ ఒక్క రకాన్ని చేయి తిరిగేదాకా, కనీసం వారం రోజులు రాయండి.

నిజానికి నీటిమట్టం తగ్గేకొద్దీ తూము వేగమూ తగ్గుతుంది. పరీక్షలో మాత్రం వేగం మారదనే లెక్క, అక్కడ తర్కించకండి.

సాధనకు నేను సోమశిల జలాశయం వార్తలూ వాడుకుంటాను. క్యూసెక్కు అంటే సెకనుకు ఒక ఘనపుటడుగు నీరు, టీఎంసీ అంటే వంద కోట్ల ఘనపుటడుగులు. 11,574 క్యూసెక్కులు రోజంతా పారితే ఒక టీఎంసీ. జలాశయం సామర్థ్యం 78 టీఎంసీలు. నిల్వ 60 ఉండగా 35,000 క్యూసెక్కులు వస్తూ 12,000 వదులుతున్నారనుకోండి. తేడా 23,000, రోజుకు దాదాపు రెండు టీఎంసీలు. నిండడానికి తొమ్మిది రోజులు. పేపరు మడిచేలోపు ఈ లెక్క నోటితోనే తేల్చేస్తాను.