వేపకొమ్మ బరువు

కరెంటు తీగలకు తగులుతోందని ఈ ఉదయం మా వాకిట్లోని వేపచెట్టు కొమ్మ ఒకటి కొట్టించాను. తొడంత లావు మాత్రమే ఉన్న ఆ కొమ్మను గేటు దాకా ఈడ్చేసరికి నేనూ, చెట్టెక్కిన కుర్రవాడూ మూడుసార్లు ఆగవలసి వచ్చింది. "ఆకు చూసి తేలికనుకున్నా సార్, బరువంతా చెక్కలో ఉంది" అన్నాడతను. కోసిన చోట చుట్టూ పాలిపోయిన చెక్క, నడుమ ఎర్రగా చేవ కనిపించాయి.

రాన్ మిలో, మరో ఇద్దరు శాస్త్రవేత్తలు 2018లో ప్రకటించిన భూగోళపు జీవరాశి తూకం అప్పుడు గుర్తుకొచ్చింది. నీటి పాలు ఒక్కో జీవిలో ఒక్కో తీరుగా ఉంటుంది కనుక, వారు కర్బనాన్ని మాత్రమే కొలతగా తీసుకున్నారు. ఆ లెక్కన జీవులన్నిటిలో కలిపి సుమారు 55,000 కోట్ల టన్నుల కర్బనం ఉంటే, అందులో 45,000 కోట్ల టన్నులు మొక్కలదే. అందులోనూ ఎక్కువ భాగం ఆకులది కాదు, మాన్లది. తరువాతి స్థానం 7,000 కోట్ల టన్నులతో బాక్టీరియాది. ఈ అంకె పదింతలు అటూ ఇటూ కావచ్చని లెక్క కట్టినవారే ఒప్పుకున్నారు, ఎందుకంటే వాటిలో అధిక భాగం మన చేతికందని భూగర్భంలో ఉంది. శిలీంధ్రాలది 1,200 కోట్ల టన్నులు. చీమ నుంచి తిమింగలం దాకా జంతువులన్నీ కలిసినా దాదాపు 200 కోట్ల టన్నులే, అందులో సగం రొయ్యలు, పురుగులు వంటి కీళ్లకాళ్ల జీవులది. జీవమనగానే కదిలేవే మన కళ్లకు కడతాయి కానీ, తక్కెడలో మొగ్గు కదలనివాటి వైపే. సముద్రంలో మాత్రం ఈ వరుస తిరగబడుతుంది: అక్కడి సూక్ష్మ మొక్కలు పుట్టినంత వేగంగా మేతైపోతాయి కనుక, ఏ క్షణంలో తూచినా తినేవాటి బరువే ఎక్కువ.

మధ్యాహ్నం బజారుకు వెళితే, బాయిలర్ కోళ్ల బోనులతో ఒక వ్యాను చికెన్ దుకాణం ముందు ఆగి ఉంది. ఊచల సందుల్లోంచి తెల్లటి ఈకలు బయటికి పొడుచుకొచ్చాయి. పెంపుడు కోళ్లలో 50 లక్షల టన్నుల కర్బనం ఉంటే, అడవి పక్షులన్నిటిలో కలిపి 20 లక్షల టన్నులే. క్షీరదాల సంగతి మరీ అన్యాయం: కర్బనం టన్నుల్లో చూస్తే పశువులు 10 కోట్లు, మనుషులు 6 కోట్లు, ఏనుగులూ తిమింగలాలతో సహా అడవిలోనూ సముద్రంలోనూ ఉన్నవన్నీ 70 లక్షలు. మా వీధిలో పిచ్చుక కనబడి ఎన్నేళ్లయిందో లెక్కపెట్టుకుంటూ, నేనూ ఒక కేజీ కొట్టించుకుని వచ్చాను.

సాయంత్రానికి ఎవరివో మేకలు గేటు దగ్గర చేరి, వేపాకునంతా రెమ్మ మిగలకుండా మేసేశాయి. పక్కకు జరుపుదామని కొమ్మ మొదలు పట్టుకుని లేపి చూశాను. పొద్దుటికీ ఇప్పటికీ బరువులో పెద్ద తేడా తెలియలేదు.