ఆడపడుచు తీసిన సినిమా

శనివారం. వాన పట్టి వదలడం లేదు.

పగలంతా ఇంటి పనులతోనే సరిపోయింది. బట్టలు ఉతకడం, ఇడ్లీ పిండి రుబ్బడం, పాపను కూచిపూడి క్లాసులో దింపి మళ్ళీ తీసుకురావడం. గుంటూరు నుంచి వచ్చిన అత్తయ్యకు ఈ వానలో సాయంత్రం నడక లేదు, పార్కులో తోటివాళ్ళతో కబుర్లూ లేవు. టీవీలో ఏ సీరియల్ పెట్టినా చూసేసిందే అంటున్నారు. "మాటలు లేని సినిమా ఒకటి ఉంది, చూస్తారా అత్తయ్యా?" అని అడిగాను. మడతపెట్టాల్సిన బట్టలన్నీ సోఫా మీద పోసుకుని ఇద్దరం కూర్చున్నాం.

చాలా రోజులుగా ఈ సినిమా తీసిన మారియన్ వాంగ్ గురించి చదువుతున్నాను. చదివింది ఇక్కడ రాసి పెట్టుకోవాలని ఎప్పటినుంచో అనుకుంటున్నాను. ఈ రోజు అత్తయ్య వేసిన ప్రశ్నల వల్ల అది నా మనసులో ఒక కొలిక్కి వచ్చింది.

అమెరికాలో, కాలిఫోర్నియాలో మేముండే ఫ్రీమాంట్‌కు సినిమా చరిత్రలో చోటుంది. ఊళ్ళోని నైల్స్ అనే పాత పేటలో 1912 నుంచి 1916 దాకా ఎస్సనే స్టూడియో నడిచింది. బ్రాంకో బిల్లీ కౌబాయ్ చిత్రాలు ఎన్నో అక్కడి లోయలో తీసినవే. 1915లో చాప్లిన్ కూడా కొంతకాలం అక్కడ పనిచేశాడు. ఇప్పుడు ఆ పేటలో మూకీ చిత్రాల మ్యూజియం ఉంది. శనివారం రాత్రి పక్కన పియానో వాయిస్తూ పాత బొమ్మలు ఆడిస్తారు. ఆ స్టూడియో మూతపడిన ఏడాదే, ఇక్కడికి దగ్గర్లోని ఓక్లండ్‌లో మారియన్ వాంగ్ అనే 21 ఏళ్ళ చైనీస్ అమెరికన్ అమ్మాయి మాండరిన్ ఫిల్మ్ కంపెనీ పేరుతో సొంత నిర్మాణ సంస్థ పెట్టింది. తనే అధ్యక్షురాలు. కథ రాసింది, దర్శకత్వం చేసింది, నిర్మించింది, నటించింది. పెట్టుబడి బంధువుల దగ్గర సమకూర్చుకుంది. చిత్రం పేరు 'ద కర్స్ ఆఫ్ క్వాన్ గ్వాన్'. కొన్ని ఆరుబయటి దృశ్యాలు మా నైల్స్ లోయలోనే తీశారని చెబుతారు. ఆ లోయ రోడ్డు మీదుగా ఎన్నిసార్లు వెళ్ళినా ఈ సంగతి ఎక్కడా రాసి ఉండటం చూడలేదు. బ్రాంకో బిల్లీ పేరు మాత్రం అడుగడుగునా కనిపిస్తుంది.

సినిమా అంటున్నానే గాని మిగిలింది కొంత భాగమే. అసలు చిత్రం ఏడెనిమిది రీళ్ళు. ఇప్పుడున్నది సుమారు 35 నిమిషాలు. మధ్యలో వచ్చే మాటల అట్టలు కూడా పోయాయి, ఎవరు ఏమన్నారో ఎక్కడా రాసి కనిపించదు. కథ అర్థం కాదేమోనని అత్తయ్యకు ముందే చెప్పాను. ఆవిడకు నా సాయమేమీ అవసరం పడలేదు. ఇంగ్లీషు అట్టలు ఉండి ఉంటే ప్రతి దానికీ నావైపు తిరగాల్సి వచ్చేది. అవి లేకపోయేసరికి ఇద్దరం ఒకే చదువు చదివినవాళ్ళమయ్యాం. నిజానికి ఆవిడే నాకంటే ఒక అడుగు ముందున్నారు.

పెళ్ళి ఘట్టం వచ్చింది. పెళ్ళికూతురి తల మీద బరువైన అలంకారం, దానికి వేలాడే పూసల పేటలు ముఖాన్ని సగం కప్పేశాయి. ఆ పేటల వెనుక కళ్ళు ఎటు చూస్తున్నాయో స్పష్టంగా తెలియదు. తల కొంచెం కదిలితే పూసలన్నీ ఊగుతాయి. కెమెరా ఎటూ కదలదు, కత్తిరింపు తొందరగా పడదు. ఆచారం ఎంతసేపు పడుతుందో అంతసేపూ మనల్ని కూర్చోబెడుతుంది. అత్తయ్య తువ్వాలు మడత ఆపేసి, "మన బాసికం లాగే ఉందే. ఇంత బరువు పెట్టి పిల్లను తల వంచుకునేలా చేస్తారు" అన్నారు. మారియన్ చూపించాలనుకున్నదీ ఇదే. మొదట ఒక ప్రేమకథ రాసుకున్నానని, చైనా ఆచారాలు జనం చూడాలనుకుంటారని ఆ ఘట్టాలు తరవాత చేర్చానని ఆ రోజుల్లో ఓక్లండ్ పత్రికకు ఆమె చెప్పింది. అంతవరకు తానెప్పుడూ చైనావాళ్ళ సినిమా చూడలేదనీ అంది. లేనిదాన్ని తానే తీయాలనుకుంది.

ఆ పెళ్ళికూతురు వయొలెట్ వాంగ్. మారియన్ సోదరుడు ఆల్బర్ట్ భార్య. మారియన్ తల్లి కూడా నటించింది. బయటి నటులకోసం వెతక్కుండా ఇంటివాళ్ళతోనే చిత్రం పూర్తి చేశారు. మారియన్ తాను మాత్రం చెడ్డ పాత్ర తీసుకుంది. కొత్త కోడలికి కాపురం లేకుండా చేసే మనిషి. కోడలిని ఇంట్లోంచి వెళ్ళగొట్టే దాకా ఆమె పన్నాగం ఆగదు.

ఆ సంగతి చెబితే అత్తయ్య ఆశ్చర్యపోయారు. "సొంత డబ్బుతో, సొంత కంపెనీలో తీసిన సినిమా కదా. అందులో వదినను కథానాయికను చేసి, ఆడపడుచు తాను విలనీ వేసుకుందా? మామూలు పిల్ల కాదమ్మాయ్" అన్నారు. నాకూ అదే అనిపించింది. దర్శకత్వం చేతిలో ఉన్న 21 ఏళ్ళ అమ్మాయి అందమైన ముఖం, అందమైన పాత్ర తనకే పెట్టుకోవచ్చు. అప్పటి అమెరికా సినిమాల్లో చైనా మనిషి అంటే నల్లమందు మత్తు, చీకటి సందు, వంకర నవ్వు. ఆ పాత్రలు కూడా తరచు తెల్లవాళ్ళే ముఖానికి రంగు పూసుకుని వేసేవారు. అలాంటి రోజుల్లో మారియన్ తన సినిమాలో దుర్మార్గురాలిని పెట్టింది, మంచిదాన్ని పెట్టింది, వాళ్ళ మధ్య నలిగే కొడుకునీ పెద్దలనూ పెట్టింది. ఒక ఇంట్లో ఉండే అన్ని రకాల మనుషులూ చైనావాళ్ళే అయినప్పుడు విలన్ ఒక జాతికి గుర్తుగా మిగలదు, పక్కింట్లో కనిపించే మనిషే అవుతుంది. నాకు ఈ సినిమాలో అన్నిటికంటే గొప్పగా తోచేది అదే.

అట్టలు లేకపోయినా మారియన్ ముఖం చూస్తే ఆమె ఏమనుకుంటోందో తెలిసిపోతుంది. చేతులు ఊపదు, కళ్ళు చించుకోదు. ఓరగా చూసి ఊరుకుంటుంది. వయొలెట్‌ది ఇంకో రకం నెమ్మది. ఇంటి నుంచి గెంటేశాక నడిచే నడకలో అలసట నటన అనిపించదు.

సినిమా అయిపోయాక అత్తయ్య అడిగిన మొదటి ప్రశ్న: "ఆడిందా?"

ఆడలేదు. 1917లో చిత్రం సిద్ధమైంది. ఈ దేశంలో చైనావాళ్ళ నిర్మాణ సంస్థ ఇదొక్కటేనని సినిమా వ్యాపార పత్రికలో వార్త కూడా వచ్చింది. పంపిణీకి మాత్రం ఎవరూ ముందుకు రాలేదు. ఏవో కొద్ది ప్రదర్శనలు తప్ప జనంలోకి వెళ్ళనే లేదు. బంధువుల డబ్బు పోయింది, కంపెనీ పోయింది. మారియన్ రెండో సినిమా తీయలేదు.

"ఎందుకు ఆడలేదు? బాగానే తీసిందిగా?"

ఆమె గురించి రాసినవాళ్ళలో చాలామంది పంపిణీదారుల చిన్నచూపు గురించి రాసి ఆగిపోతారు. అది నిజమే గాని సగమే. చైనా కూలీల రాకను నిషేధిస్తూ అమెరికా 1882లో చట్టం చేసింది. అంతకు ముందే, 1875లో చేసిన చట్టంతో చైనా ఆడవాళ్ళు రావడం దాదాపు ఆగిపోయింది. కూలికి వచ్చిన మగవాళ్ళు పెళ్ళాంబిడ్డలను తెచ్చుకునే దారి లేక ఒంటరిగా ముసలివాళ్ళయ్యారు, కొందరు వెనక్కి వెళ్ళిపోయారు. 1890లో ఈ దేశంలో 1,07,000 పైగా ఉన్న చైనావాళ్ళు 1920 నాటికి 62,000 లోపుకు తగ్గారు. కుటుంబాలు పెరగాల్సిన 30 ఏళ్ళలో జనం సగానికి దగ్గరగా పడిపోయారు. కోడలి కష్టం మీద తీసిన సినిమాకు కన్నీళ్ళు పెట్టుకుని చూసే అత్తలూ కోడళ్ళూ కావాలి. వాళ్ళను ఓడ దిగనివ్వని చట్టం అప్పటికి నలభై ఏళ్ళుగా పనిచేస్తోంది. మారియన్ తీసిన సినిమాకు టిక్కెట్టు కొనాల్సిన జనం ఆమె పుట్టకముందే లెక్కలోంచి తీసివేయబడ్డారు.

ఇది అత్తయ్యకు చెబుతుంటే నా గొంతులో కోపం నాకే వినిపించింది. ఎందుకంటే ఆ చట్టం చైనావాళ్ళ దగ్గర ఆగలేదు. మారియన్ సినిమా పూర్తి చేసిన 1917లోనే, ఫిబ్రవరిలో, ఆసియాలో చాలా భాగాన్ని నిషేధిత మండలంగా ప్రకటిస్తూ మరో చట్టం వచ్చింది. ఆ గీత లోపల భారతదేశం కూడా ఉంది. చైనావాళ్ళ మీది నిషేధం 1943లో పోయింది. మనవాళ్ళు పెద్ద సంఖ్యలో రావడానికి తలుపు తెరుచుకున్నది 1965 చట్టంతో. ఈ రోజు ఫ్రీమాంట్‌లో పెద్ద తెలుగు సినిమా హైదరాబాదు కంటే ముందురోజు రాత్రే పడుతుంది, హాలు బయట కార్లు నిలపడానికి చోటు దొరకదు. మన ప్రతిభే దీనికి కారణమనుకుంటే పొరపాటు. హాలు నిండాలంటే ముందు ఊరు నిండాలి, ఊరు నిండటానికి కాగితాలు కావాలి. మారియన్‌కు ప్రతిభ ఉంది. కాగితాలున్న జనం లేరు.

మనకూ నటీమణులు నిర్మాతలైన కథలున్నాయి. దాసరి కోటిరత్నం నాటక సమాజం నడిపి, 1930లలో సినిమా నిర్మాణంలోకి దిగింది. భానుమతి 1953లో 'చండీరాణి'ని మూడు భాషల్లో తీసి, తనే దర్శకత్వం చేసింది. వాళ్ళ కష్టాన్ని తక్కువ చేయను. అయితే వాళ్ళు బొమ్మ తీసేనాటికి వాళ్ళ భాష మాట్లాడే జనం ఊరూరా ఉన్నారు. మారియన్‌కు ఆ నేల లేదు.

సినిమా పోయాక మారియన్ ఏం చేసిందని అత్తయ్య అడిగారు. పెళ్ళి చేసుకుంది, పిల్లల్ని పెంచింది, వేదికల మీద పాడింది, రిచ్‌మండ్‌లో సింగపూర్ హట్ అనే రెస్టారెంటు నడిపింది. ఓడిపోయి ఇంట్లో కూర్చున్న మనిషి కాదు. సినిమా మాట మాత్రం కుటుంబంలో ఎవరూ ఎత్తేవారు కారట. మారియన్ 1969లో చనిపోయింది.

రీళ్ళు దాచింది వయొలెట్. వదిన తన ఇంట్లో డబ్బాలు భద్రంగా ఉంచి, ముసలితనంలో మనవడికి చూపించింది. అప్పటి ఫిల్ము నైట్రేటుతో చేసేవారు. అది తేలిగ్గా అంటుకుంటుంది, అంటుకుంటే నీళ్ళలో ముంచినా మండుతుంది. పట్టించుకోకుండా వదిలేస్తే జిగురై, చివరికి పొడి అయిపోతుంది. ఇంట్లో అటువంటిది యాభై ఏళ్ళు నిలవడమే అరుదు. 2000 తరవాత ఆర్థర్ డాంగ్ అనే దర్శకుడు హాలీవుడ్‌లో చైనీయుల చరిత్ర మీద డాక్యుమెంటరీ తీస్తూ వయొలెట్ కుటుంబాన్ని వెతుక్కుంటూ వెళ్ళాడు. ఆస్కార్లు ఇచ్చే అకాడమీ వాళ్ళ ఆర్కైవ్‌లో మిగిలిన భాగాన్ని బాగుచేశారు. 2006లో, భద్రపరచాల్సిన చిత్రాల కోసం పెట్టిన అమెరికా జాతీయ చలనచిత్ర జాబితాలో దీన్ని చేర్చారు. చైనీస్ అమెరికన్లు తీసిన చిత్రాల్లో ఇప్పటికి తెలిసినంతలో ఇదే మొదటిది.

"చూశావా, ఆడపడుచు సినిమాను వదినే కాపాడింది" అన్నారు అత్తయ్య చాలా తృప్తిగా. ఆవిడకు నలుగురు ఆడపడుచులు. వాళ్ళలో ఎవరి సినిమా రీళ్ళు దాచి ఉండేవారని నేను అడగలేదు గాని, రాత్రి భోజనాల దగ్గర ఆవిడే మావయ్యకు ఫోను చేసి కథంతా మొదటి నుంచి చెప్పారు. పోయిన రీళ్ళలో ఏముండాలో కూడా కలిపి చెప్పారు. ఆవిడ చెప్పిన కథలో కోడలు చాలా ఘాటుగా జవాబిచ్చింది.

పాప మధ్యలో వచ్చి కాసేపు చూసి, ఇది నిజంగా మన దగ్గరే తీశారా అని అడిగింది. వాన తగ్గితే రేపు లోయ వైపు తీసుకెళ్ళమంటోంది. నైల్స్ మ్యూజియంవాళ్ళకు ఈ చిత్రాన్ని పియానోతో ఎప్పుడు వేస్తారో అడుగుతూ ఉత్తరం రాయాలి. వేస్తానంటే పార్కులో అత్తయ్య స్నేహితులనందరినీ పోగేసి తీసుకెళ్ళే పూచీ నాది. హాలులో కనీసం ఒక వరుస మనవాళ్ళతో నిండుతుంది.