పేరు లేని సర్టిఫికెట్టు, 1469 రేటింగు

మా పాపకి ఈ నెల ఫిడే (ప్రపంచ చెస్ సమాఖ్య) రేటింగ్ వచ్చింది, అంటే చెస్‌లో దాని ఆట స్థాయి చెప్పే అంకె. 1469. ఒకటో తారీఖున లిస్టులో చూసుకున్నప్పట్నుంచి కావలిలో మా వీధంతా ఒకటే ప్రశ్న: "మరి గ్రాండ్ మాస్టర్ ఎప్పుడవుతుంది?" గుకేశ్ 18 ఏళ్ళకే ప్రపంచ చాంపియన్ అయ్యాక జనం చెస్‌ని ఎంసెట్ ర్యాంకులా చూస్తున్నారు. గ్రాండ్ మాస్టర్ కావాలంటే రేటింగ్ 2500 అందుకోవాలి. దాంతోపాటు మూడు నార్ములు, అంటే టోర్నమెంట్లలో ఆ టైటిల్‌కి తగ్గ ఆట ఆడినట్టు గుర్తింపులు, కావాలి. ఒక్కో నార్ముకి ఆ టోర్నమెంట్లో 2600 స్థాయి ఆట ఆడాలి. ఇదంతా విన్నాక కూడా "ఈ సంవత్సరం కాదా అయితే?" అని అడిగింది ఎదురింటి పిన్ని.

సరే, మొదటి రేటింగ్ వరకూ మేం పడిన పాట్లు రాస్తాను. ఆట నేర్చుకోవడం దానికి కష్టం కాలేదు. కోచ్ ఫీజు కట్టడం మాకు కష్టమే, అయినా కట్టాం. ఆన్‌లైన్ రిజిస్ట్రేషన్ ఫారం ఫోన్లోనే నింపేశాను. అసలు చిక్కంతా బర్త్ సర్టిఫికెట్ అప్‌లోడ్ చేయమన్న దగ్గర వచ్చింది. మా పాప సర్టిఫికెట్లో పేరు గడి ఖాళీ. పుట్టినప్పుడు ఇంకా పేరు పెట్టలేదని అలాగే ఇచ్చేశారు. స్కూల్లో ఆధార్‌తో సరిపోయింది కాబట్టి పదకొండేళ్ళు ఎవరూ ఆ గడి వంక చూడలేదు.

పాప పుట్టింది మా పుట్టింట్లో, కందుకూరు వైపు. ఊరి పేరు రాయను, ఆ ఆఫీసులో మళ్ళీ పని పడుతుంది. పుట్టినప్పుడు అది ప్రకాశం జిల్లా. 2022లో నెల్లూరు జిల్లాలో కలిపారు. అక్కడి గుమస్తా కాగితం అటూ ఇటూ తిప్పి, "ఇది ప్రకాశం రికార్డమ్మా, ఒంగోలు పొండి" అన్నాడు. ఒంగోలులో ఒకాయన తల కూడా ఎత్తకుండా "మీది ఇప్పుడు నెల్లూరు కదా, మా దగ్గరికెందుకొచ్చారు?" అన్నాడు. బస్సు చార్జీలు నావి, జిల్లాలు మార్చింది వాళ్ళు.

తిరిగి గుమస్తా దగ్గరికి వస్తే, ఈసారి వరండా నిండా జనం. అందరికీ వినపడేలా అడిగాడు: "ఏందమ్మా, చదరంగం ఆడేదానికి కూడా సర్టిఫికెట్ కావాల్నా? మీ ఆయన్ని పంపియ్, ఆయనైతే అర్థమయ్యేట్టు చెప్తాడు." వెనక ఎవరో నవ్వారు. మా ఆయన లారీ మీద నాగపూర్‌లో ఉన్నారు, ఎవర్ని పంపను? "ఆడపిల్ల ఈ ఆట ఆడితే ఏమొస్తది, ఉద్యోగమొస్తదా?" అని ఇంకో మాట. నాకు ఒళ్ళు మండింది. "కోనేరు హంపికి ఓఎన్‌జీసీలో ఉద్యోగం దేనివల్ల వచ్చిందనుకున్నారు?" అన్నాను. ఆయనకి హంపి అంటే గుళ్ళున్న ఊరే తెలుసు.

మన తెలుగమ్మాయి గురించి మనవాళ్ళకి తెలియకపోవడం నాకు ఇప్పటికీ మింగుడుపడదు. హంపి 2002లో 15 ఏళ్ళకే గ్రాండ్ మాస్టర్ అయింది. ఆడపిల్లల్లో అంత చిన్న వయసులో ఆ టైటిల్ అప్పటికి ప్రపంచంలో ఎవరూ తెచ్చుకోలేదు. బిడ్డను కన్నాక తిరిగొచ్చి 2019లో ప్రపంచ రాపిడ్ చాంపియన్, 2024లో మళ్ళీ. గుంటూరమ్మాయి హారిక 2022లో మహాబలిపురం చెస్ ఒలింపియాడ్‌లో నిండు గర్భంతో బోర్డు ముందు కూర్చుంది, మన ఆడవాళ్ళ జట్టుకి కాంస్యం వచ్చింది. "మీ ఆయన్ని పంపియ్" అంట!

ఆఖరికి గుమస్తా తీర్పు: "పదేళ్ళు దాటింది, ఇంక పేరెక్కదు." నేను ఏడుపు ఆపుకుంటూ బయటికొచ్చి నోటరీ దగ్గర కూర్చుంటే ఆ పెద్దాయన చెప్పారు, అది పచ్చి అబద్ధమని. జనన మరణాల నమోదు చట్టం 1969లోది. పుట్టుక నమోదైన 15 ఏళ్ళ లోపు ఆలస్య రుసుము కట్టి పేరు చేర్పించుకోవచ్చు. ఆ ముక్క ఒక కాగితం మీద రాయించుకొని వెళ్ళాను. గుమస్తా గొంతు తగ్గింది గానీ బుద్ధి మారలేదు. "ఇంటిపేరు ముందా, వెనకా? తేల్చుకొని రాపో" అన్నాడు.

అక్కడే వరండాలో నిలబడి ఫోన్లో ఫిడే లిస్టు తీశాను. హంపికి కోనేరు ముందుంది. హారికకి ద్రోణవల్లి వెనకుంది. ఇంకో గ్రాండ్ మాస్టర్ హరికృష్ణకి పెంటల వెనక, వరంగల్ కుర్రాడు అర్జున్‌కి ఎరిగైసి ముందు. రేటింగ్ 2800 దాటిన అర్జున్‌కి లేని ఇబ్బంది మా పాపకెందుకు? ఆధార్‌లో ఎట్లా ఉంటే అట్లా రాయండి అన్నాను. రాశాడు. ఇంగ్లీషులో ఒక హెచ్ ఎగరగొట్టి రాశాడు! దానికి మళ్ళీ అఫిడవిట్టు, మళ్ళీ దరఖాస్తు. కావాలని చేశాడనే నా నమ్మకం.

పిల్లలున్నవాళ్ళు ఈ రాత్రే బీరువా తీసి సర్టిఫికెట్లో పేరుందో లేదో చూసుకోండి. ఆఫీసుకి ఒంటరిగా వెళ్ళొద్దు, గట్టిగా మాట్లాడే మేనత్తనో పిన్నమ్మనో తీసుకెళ్ళండి. ఏమిచ్చినా రసీదు అడగండి. మా బావగారిలా "నాకు తెలిసినోళ్ళున్నారు" అనేవాళ్ళని మాత్రం నమ్మొద్దు, ఆయనకి తెలిసినోళ్ళు ఫోనెత్తరు.

ఇంత చేశాక టోర్నమెంట్ లెక్కే కాదు. పినాకిని ఎక్స్‌ప్రెస్‌లో మద్రాసు వెళ్ళాం. రేటింగ్ ఉన్నవాళ్ళతో కనీసం ఐదు గేములు పడాలి. మొదటి టోర్నమెంట్లో వాళ్ళ మీద సున్నా వస్తే అది లెక్కలోకే రాదు. మా పాపకి ఐదు పడ్డాయి, ఒకటిన్నర పాయింట్లు తెచ్చింది. అవి కాక 1800 రేటింగ్ వాళ్ళతో ఇంకో రెండు డ్రాలు చేసినట్టు కలిపి లెక్క కడతారట. 2024 మార్చి నుంచి 1400 కంటే తక్కువొస్తే రేటింగే ఇవ్వరు కాబట్టి, లిస్టు వచ్చేదాకా నాకు ఒకటే టెన్షన్. అది మాత్రం బిర్యానీ తిని నిద్రపోయింది.

పేరుతో ఉన్న సర్టిఫికెట్ నాలుగు కలర్ జిరాక్సులు తీయించి లామినేషన్ చేయించాను. వచ్చే వారం మళ్ళీ ఆ ఆఫీసుకే వెళ్ళాలి. మా రెండోవాడి సర్టిఫికెట్లోనూ పేరు లేదు. ఈసారి మా చిన్నత్తని తీసుకెళ్తున్నా.