ఊడ్పుల రోజుల్లో బోదకాలు

ఈ రోజు మా మేనత్తను అమలాపురం తీసుకువెళ్ళి డాక్టరు గారికి చూపించాను. ఆమెకు ఎడమకాలి బోద ఏనాటిదో. ఈసారి చలిజ్వరం వచ్చి, గజ్జల్లో బిళ్ళ కట్టి, కాలు ఎర్రబడడంతో మంచం పట్టింది. జ్వరమైతే తగ్గింది గాని, మళ్ళీ రాకుండా ఏదైనా ఇంజెక్షను ఇస్తారేమోనని ఆమె ఆశ.

ఆయన చీటీ మీద కలం పెట్టకముందే ముక్కాలిపీట లాక్కుని కూర్చుని, ఆమె కాలి వేళ్ళను ఒక్కొక్కటిగా విడదీసి చూశారు. చిటికెన వేలి పక్కన చర్మం నాని, తెల్లబడి, చీలి ఉంది. ఈ జ్వరానికి దారి ఇదేనని, సూక్ష్మక్రిములు ఇక్కడినుంచే లోపలికి పోతున్నాయని ఆ చీలికను ఆమెకే చూపించారు. రోజూ సబ్బుతో కడిగి, వేళ్ళ సందులు మెత్తని గుడ్డతో తడి లేకుండా ఒత్తి, చీలిక మీద పూతమందు రాయాలని, పడుకున్నప్పుడు కాలు ఎత్తులో పెట్టుకోవాలని చెప్పారు.

ఇంతవరకు ఎవరైనా చెబుతారు. ఆయన అక్కడితో ఆగకుండా, "చేలోంచి వచ్చాక కాళ్ళు ఎక్కడ కడుక్కుంటావమ్మా?" అని అడిగారు. "కాలవలో బాబూ, ఇంకెక్కడ?" అంది అత్తయ్య. ఊడ్పులకు వెళ్ళవద్దంటే ఆమె వినదని ఆయనకు తెలిసినట్టుంది. ఆ మాట అనకుండా, ఇంటికి రాగానే కుళాయి నీళ్ళతో మళ్ళీ కడగాలని చెప్పి, చెప్పినదంతా ఆమె చేత ఒకసారి చెప్పించుకున్నారు. సబ్బు గుర్తుంది, తుడవడం మరిచిపోయింది. విసుక్కోకుండా ఆ ఒక్కటే మళ్ళీ చెప్పారు. నా దృష్టిలో ఈ రోజు జరిగిన అసలు వైద్యం ఇదే.

వాపు పూర్తిగా పోదని కూడా దాచలేదు. భీమవరంలో 1895లో పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావు గారి నాయకత్వాన అమెరికాలో వెలుగు చూసిన డీఈసీ అనే బోదకాలు మందు, ఈ జబ్బు తెచ్చే పురుగులు పెట్టి రక్తంలో తిరిగే పిల్ల పురుగులను చంపుతుంది గాని, ముదిరిన బోదను వెనక్కి తిప్పలేదు. మన డెల్టాను ఇంతగా పీడించిన జబ్బుకు మన గోదావరి ప్రాంతపు మనిషే మందు అందించినా, 2004లో దేశంలో ఈ జబ్బు ఉన్న జిల్లాల్లో మొదలైన సామూహిక పంపిణీలో ఇచ్చిన ఆ మాత్రలను మా వీధిలో చాలామంది గూట్లోనే పెట్టేశారు. వాపు లేనివాళ్ళ రక్తంలోనూ ఆ పురుగులు ఉండవచ్చునని, మురుగులో పుట్టే దోమ వాటిని వాళ్ళ నుంచి కూడా మోసుకుపోతుందని, మాత్ర వేసుకున్నాక కొందరికి వచ్చే జ్వరం పురుగులు చావడం వల్లనేనని ఈ డాక్టరు గారిలా కూర్చోబెట్టి చెప్పినవారు ఉంటే అన్ని మాత్రలు వృథా అయ్యేవి కావేమో. (రాత్రిపూట రక్తం తీసుకోవడానికి వచ్చినవాళ్ళను మా వీధివాళ్ళు అనుమానంగా చూసేవారు; ఆ పురుగులు రక్తంలోకి ఎక్కువగా వచ్చేది రాత్రివేళే మరి.)

మళ్ళీ ఎప్పుడు రావాలని అడిగితే, ఆయన క్యాలెండరు వైపు చూడకుండా, మీ ఊళ్ళో ఊడ్పులు ఎప్పటికి అవుతాయని అత్తయ్యనే అడిగి, ఆ తరువాతి సోమవారం రమ్మన్నారు.