పెళ్ళైనవాళ్ళు తక్కువేం కాదన్న సన్యాసి

కొన్నాళ్ళుగా రాత్రిళ్ళు, బైబిలుని లాటిన్‌లోకి అనువదించిన తొలినాటి క్రైస్తవ పండితుడు జెరోమ్ రచనలు చదువుతున్నాను. నిన్న జొవీనియన్ గొడవ దగ్గరికొచ్చాక సరిగా నిద్ర పట్టలేదు.

జొవీనియన్ నాలుగో శతాబ్దం చివర్లో రోమ్‌లో ఉన్న క్రైస్తవ సన్యాసి. తాను పెళ్ళి చేసుకోలేదు. అయినా కన్యలు, విధవలు, పెళ్ళైన స్త్రీలు బాప్తిస్మం పొందాక, మిగతా నడవడిలో తేడా లేకపోతే దేవుడి ముందు సమానమే అన్నాడు. ఆ మాటకి రోమ్‌లో పోప్ సిరీసియస్, మిలాన్‌లో బిషప్ ఆంబ్రోస్ ఆయన్ని వెలివేశారు. బేత్లెహేము నుంచి జెరోమ్ 393లో రెండు భాగాల ఖండన రాశాడు. అందులో పెళ్ళిని ఎంత చులకన చేశాడంటే, రోమ్‌లోని సొంత స్నేహితుడు పమ్మాకియస్ కంగారుపడి ప్రతులు వెనక్కి తెప్పించబోయాడు. అప్పటికే అవి చేతులు మారిపోయాయి.

అంతకుముందు 384లో, పెళ్ళి వద్దనుకుని కన్యగా ఉండిపోయిన యూస్టోకియం అనే రోమ్ యువతికి రాసిన లేఖలోనూ, పెళ్ళిని మెచ్చుకుంటాను, ఎందుకంటే అది నాకు కన్యల్ని ఇస్తుంది అన్నాడు జెరోమ్. అక్కడ మా అమ్మ గుర్తొచ్చింది. పొద్దున్నే అందరికీ వండిపెట్టి, మంచం పట్టిన నాన్నమ్మకి స్నానం చేయించి, ఆ తర్వాతే బైబిలు తెరిచేది. ఆమె భక్తి రెండో రకమా? నేను ఒప్పుకోను.

జొవీనియన్ పుస్తకాలు మిగల్లేదు. ఎక్కువగా జెరోమ్ తిట్టడానికి ఎత్తిరాసిన చోటే ఆయన మాటలు దొరుకుతాయి. ఆ కాలపు మరో బిషప్ అగస్టీన్ సుమారు 401లో పెళ్ళి మంచిదేనని ఒక పుస్తకం రాశాడు గానీ, బ్రహ్మచర్యాన్ని ఒక మెట్టు పైనే ఉంచాడు. నాకు జొవీనియన్ మాటే సరైనదనిపిస్తోంది. పెళ్ళి వద్దనుకున్న మనిషే ఆ మాట అన్నందుకు ఆయనంటే ఇంకా గౌరవం.