పికప్ లేదట సార్

లైటు తీసి పడుకున్నాను కానీ నిద్ర పట్టలేదు. "మేడమ్ బండికి పికప్ లేదు సార్" అని కారు సామాన్ల షాపు కుర్రాడు అన్న మాట చెవిని వదలడం లేదు. బండి నాది. నడిపేది నేను. అడిగిందీ నేనే. జవాబు మాత్రం ఈయనకి! ఈయనకి డ్రైవింగ్ అంతంతమాత్రం. ఆ షాపు కుర్రాడికి తెలీదు పాపం. తెలిసినా అలాగే మాట్లాడేవాడేమో.

జరిగింది పెద్ద విషయమేం కాదు. పొద్దున్న సింహాచలం అప్పన్న దర్శనానికి బయల్దేరాం. అత్తయ్యగారు, ఆవిడ చెల్లెలు, చిన్నది, ఈయన, నేను. నిండు బండి. ఎండ మండుతోందని ఏసీ. కొండెక్కుతుంటే ఒక మలుపు దగ్గర ముందున్న బస్సు నెమ్మదించింది, నేనూ నెమ్మదించాను. బస్సు కదిలాక మూడో గేరులోనే యాక్సిలరేటర్ తొక్కితే బండి లాగలేదు. మూలిగింది. వెనకనుంచి హారన్. చూస్తే ఆటో! సెకండ్‌లో వేసి, ఏసీ ఆపి, ఎక్కేశాను. దర్శనం చక్కగా అయింది. దిగేటప్పుడు సంపంగిపూలు కొన్నాం, దారంతా కారులో ఒకటే వాసన. ఇంతవరకూ రోజు బాగానే ఉంది.

వచ్చేటప్పుడు వైపర్ బ్లేడ్లు మార్పిద్దామని ఒక యాక్సెసరీస్ షాపు దగ్గర ఆగాం. ఈయన ఊరికే ఉండరు కదా, "ఘాట్‌లో బండి లాగలేదు" అని మొదలుపెట్టారు. ఆ కుర్రాడు బానెట్ ఎత్తి, అటూ ఇటూ చూసి, తీర్పు ఇచ్చేశాడు. "క్లచ్ జారుతోందేమో చూడనక్కర్లేదా?" అన్నాను నేను. అడగడానికి కారణం ఉంది. క్లచ్ ప్లేట్ అరిగితే ఇంజిన్ రేజ్ అవుతుంది, ఆర్పీఎం ముల్లు, అంటే ఇంజిన్ నిమిషానికి ఎన్నిసార్లు తిరుగుతోందో చూపేది, పైకి లేస్తుంది, బండి మాత్రం వేగం అందుకోదు. పొద్దున్న ముల్లు లేవలేదు, కాబట్టి క్లచ్ కాదని నా అనుమానం. వాడు దాన్నైనా కాదని చెబుతాడేమో అని అడిగాను. వాడు ఈయన వైపు తిరిగి, "క్లచ్ కాదు సార్, ఇంజినే వీక్" అన్నాడు. "స్పార్క్ ప్లగ్గులు మార్చి ఎన్నాళ్ళయిందో తెలుసా?" అన్నాను. "సార్, ఇరిడియం ప్లగ్గులు వేసేద్దాం" అన్నాడు. ఈయన తల ఊపుతున్నారు! గుడిలో హారతికి ఊపినంత భక్తిగా ఊపుతున్నారు. దారిలో అదే అంటే, "మర్యాదకి విన్నానే" అన్నారు. ఆ మర్యాద నా వైపు ఒక్క మాట మళ్ళించడానికి సరిపోలేదు మరి.

వాడు చెప్పిన వైద్యాలు ఇవీ. కోన్ ఫిల్టర్, లావు సైలెన్సర్, ఇరిడియం ప్లగ్గులు, ట్యాంకులో పోసే బూస్టర్ బాటిల్, ఇకనుంచి ప్రీమియం పెట్రోలు, అన్నిటికీ పైన ఈసీయూ రీమ్యాప్, అంటే ఇంజిన్‌ని నడిపే కంప్యూటర్‌లో లెక్కలు మార్చడం. స్టేజ్ వన్ అట. పాతికవేలట. "బండి ఎగిరిపోద్ది సార్."

ఇంటికొచ్చి కాఫీ తాగుతూ ఒక్కొక్కటే ఆలోచించాను. ఇరిడియం ప్లగ్గుల సుగుణం ఎక్కువకాలం మన్నడం. మామూలు ప్లగ్గులు బాగుంటే వాటికి మించి అవి కొత్త బలం ఏమీ ఇవ్వవు. ఎక్కువ ఆక్టేన్ ఉన్న ప్రీమియం పెట్రోలు "స్ట్రాంగ్" పెట్రోలని జనం అనుకుంటారు. ఆక్టేన్ చెప్పేది బలం కాదు, ఆ పెట్రోలు ఒత్తిడికి తనంతట తాను ముందే అంటుకోకుండా ఎంత ఆగగలదో చెబుతుంది. మామూలు పెట్రోలుకని తయారైన నా ఇంజిన్‌కి ఆ ఓర్పుతో పనేముంది? కోన్ ఫిల్టర్ అయితే బానెట్ కింద ఉన్న వేడిగాలినే పీలుస్తుంది. వేడిగాలి పలచన, అందులో ఆక్సిజన్ తక్కువ. చప్పుడు మాత్రం గట్టిగా వస్తుంది. ఆ చప్పుడికే డబ్బులు. ఒక్కటి మాత్రం ఒప్పుకోవాలి. కంపెనీ పెట్టిన కాగితం ఫిల్టర్ దుమ్ముతో మూసుకుపోతే, ఇప్పటి ఇంజిన్లలో మైలేజీ పెద్దగా తగ్గదు కానీ కాలు పూర్తిగా నొక్కినప్పుడు వచ్చే ఊపు తగ్గుతుంది. అది మార్చడానికి కొన్ని వందలు చాలు. అందుకేనేమో వాడు ఆ ఊసే ఎత్తలేదు.

అసలు లెక్క వేరు. మాది 998 సీసీ, మూడు సిలిండర్లు. కాగితం మీద 67 బీహెచ్‌పీ, అంటే హార్స్‌పవర్. కానీ అది 6200 ఆర్పీఎం దగ్గర. నేను జన్మలో అంతదాకా రేజ్ చేసి ఉండను. టార్క్, అంటే ఇంజిన్ తిప్పే బలం, 90 న్యూటన్ మీటర్లు, అదీ 3500 దగ్గర. టార్క్‌ని ఆర్పీఎంతో గుణిస్తే వచ్చేదే పవర్. పొద్దున్న మలుపులో 1500 దగ్గర మూలుగుతున్నప్పుడు నా కాలికింద ఉన్నది ఆ 67 కాదు, మహా అయితే 17. అందులోంచి ఏసీ కంప్రెసర్ తన మూడో నాలుగో తీసుకుంటుంది. మిగిలినదాంతో తొమ్మిది వందల కిలోల లోపు బండీ, మూడువందల కిలోల పైచిలుకు మనుషులూ కొండెక్కాలి. అదే సెకండ్‌లో వేసి 3500కి తీసుకెళ్తే 44 దాకా దొరుకుతుంది. అదే ఇంజిన్, అదే పెట్రోలు. పాతికవేలు కాదు కదా, పైసా ఖర్చు లేదు. ఎడంచేత్తో కాస్త గేరు కదపాలి, అంతే.

ఈ విద్య నేర్పింది నాన్న. కొత్తగా కొన్న తెల్ల మారుతి 800లో మేమందరం అరకు వెళ్ళిన రోజు. 796 సీసీ, నలభై లోపు హార్స్‌పవర్, నాలుగే గేర్లు. ముందు నాన్న, అమ్మ. వెనక బాబాయి, పిన్ని, అమ్మమ్మ, మధ్యలో ఇరుక్కుని నేను, అన్నయ్య. పిన్ని ఒళ్ళో పులిహోర డబ్బా. ఈ రోజుల్లో అయితే పోలీసులు ఆపేస్తారు. శృంగవరపుకోట దాటి ఘాట్ మొదలవగానే నాన్న మాటలు ఆపేశాడు. సెకండ్‌లో వేసి, కాలు అలాగే ఉంచి, ఇంజిన్ చప్పుడు వింటూ కూర్చున్నాడు. అమ్మకి టెన్షన్. "అంత అరుస్తోందేమిటండీ, మూడోది వెయ్యండి" అంటుంది. నాన్న, "అరవనీ. అరిచే ఇంజిన్‌కి ఏం కాదు, మూలిగే ఇంజిన్‌కే నొప్పి" అన్నాడు. పక్కన పెద్ద పెద్ద బళ్ళు ఆగి రేడియేటర్లలో నీళ్ళు పోసుకుంటుంటే మేము నింపాదిగా దాటుకుంటూ వెళ్ళాం. అన్నయ్య ప్రతి బండికీ చెయ్యూపాడు.

అనంతగిరికి ఇంకా దూరం ఉందనగా, నిలువుగా ఎక్కే మలుపులో ముందు లారీ ఆగిపోయింది. దాని వెనకే మేమూ. లారీ కదిలాక నాన్న హ్యాండ్‌బ్రేక్ పట్టుకుని, వెనక్కి తిరిగి, "ఒరేయ్, నువ్వు దిగు" అన్నాడు బాబాయితో. మా అందరిలోకీ బరువు ఆయనే. బాబాయి పౌరుషంగా "నేనెందుకు దిగాలి, పిల్లల్ని దింపు" అన్నాడు. పిల్లలు కలిసినా ఆయనలో సగం లేరు. చివరికి బాబాయి దిగాడు, బండి కదిలింది. కదిలిన బండిని ఆ వాలులో మళ్ళీ ఆపడం ఇష్టంలేక నాన్న ఆపలేదు. పైన చదునుగా ఉన్నచోటు దాకా వెళ్ళి ఆపాడు. బాబాయి లుంగీ ఎగ్గట్టుకుని, తిట్టుకుంటూ ఎక్కి వచ్చేసరికి మేము పులిహోర మొదలుపెట్టేశాం. ఆ కోపం ఆయనకి బొర్రా గుహల్లోనూ తగ్గలేదు. పిన్ని కూతురి పెళ్ళిలో కూడా ఎత్తాడు. బండి అమ్మేశాక, నాన్న పోయాక కూడా ఎత్తుతాడు, ఇప్పుడు కాస్త గొంతు మార్చి.

పవర్ పెంచడానికి మొదటి మార్గం బాబాయిని దింపడం. ఇది జోకు కాదు, ఏ ఇంజినీరైనా ఒప్పుకుంటాడు. బరువు తగ్గితే ఉన్న పవరే ఎక్కువ పనిచేస్తుంది. నా డిక్కీలో ఎప్పటినుంచో పడివున్న అత్తయ్యగారి పాత గ్రైండర్ రాయి సంగతి ఈ సందర్భంగా ఈయనకి గుర్తుచేశాను. వినబడనట్టు పేపర్ తిప్పారు.

ఇంకో చికాకు. మన దేశంలో చిన్న కార్లకి చిన్న ఇంజిన్లే ఎందుకుంటాయో ఎవరూ అడగరు. 2006 బడ్జెట్‌లో చిన్నకారుకి ఎక్సైజ్ సుంకం 24 నుంచి 16 శాతానికి తగ్గించారు. షరతు ఏమిటంటే పొడవు నాలుగు మీటర్లు దాటకూడదు, పెట్రోలు ఇంజిన్ 1200 సీసీ మించకూడదు. అప్పట్నుంచీ ఏ హ్యాచ్‌బ్యాక్ చూడండి, 1197, 1199 అని బాటా చెప్పుల రేట్లలా ఉంటాయి. జీఎస్టీ వచ్చాకా కొలత అదే. 2025 సెప్టెంబర్‌లో 18 శాతానికి తగ్గించినప్పుడూ అదే గీత. పైగా మనం అడిగేది మైలేజీ. 2024లో కొత్త స్విఫ్ట్ వస్తే 1197 సీసీ అలాగే ఉంచి ఒక సిలిండర్ తగ్గించారు, పవర్ దాదాపు 89 నుంచి 80కి దిగింది, మైలేజీ పెరిగింది. జనం చక్కగా కొనుక్కున్నారు. నేనైనా అదే కొందును.

ఇలా ఆలోచించుకుంటూ వచ్చి, ఉన్న పవర్ చాలు, గేరు మార్చడం తెలిస్తే చాలు అని తేల్చేద్దామనుకున్నాను. అప్పుడు బొబ్బిలి రోడ్డు గుర్తొచ్చింది.

పార్వతీపురం వెళ్ళినప్పుడల్లా అదే కథ. రెండు వరుసల రోడ్డు, ముందు గ్రానైట్ లారీ, దాని పొగ. ఎదురుగా ఖాళీ కనబడగానే థర్డ్‌లోకి దించి, ఏసీ ఆపి, కాలు పూర్తిగా నొక్కుతాను. అంటే నాన్న చెప్పినవన్నీ చేస్తాను. ఇంజిన్ అరుస్తుంది, లారీ పక్కకి వస్తాం, లారీ డ్రైవర్ కిటికీలోంచి తీరిగ్గా మావైపు చూస్తాడు. అతను బీడీ వెలిగించుకునేంత టైం మేము పక్కనే ఉంటాం. ఈలోపు ఎదురుగా బస్సు లైట్లు. వెనక చిన్నది ఫోన్ పక్కన పెట్టేస్తుంది. అంతకంటే రుజువు ఇంకేం కావాలి? అక్కడ గేరు పాఠాలు చాలవు. నాన్న రోజుల్లో ఆ రోడ్డు మీద ఇన్ని బళ్ళు లేవు, ఇంత వేగమూ లేదు. అక్కడ నాకు నిజంగానే ఇంకో ముప్పై నలభై హార్స్‌పవర్ కావాలి.

మరి ఎలా? ఎక్కువ పవర్ కావాలంటే ఎక్కువ పెట్రోలు మండాలి, అది మండాలంటే ఎక్కువ గాలి కావాలి. నా ఇంజిన్ తనంతట తాను పీల్చేదే పీలుస్తుంది. రీమ్యాప్ చేసి ఎంత పిండినా నాలుగైదు బీహెచ్‌పీ వస్తే గొప్ప. గాలిని బలవంతంగా తోసేది టర్బో. 2017లో వచ్చిన బలెనో ఆర్ఎస్ కూడా 998 సీసీయే, మూడు సిలిండర్లే. కానీ టర్బో ఉండటంతో 101 బీహెచ్‌పీ, 150 న్యూటన్ మీటర్లు. రీమ్యాప్ నిజంగా పనిచేసేది అలాంటి టర్బో బళ్ళకే, అక్కడ గాలి ఒత్తిడి పెంచే వీలుంది కాబట్టి. నా బండికి బయటినుంచి టర్బో తగిలిస్తే పిస్టన్లు, క్లచ్, గేర్‌బాక్స్, బ్రేకులు అన్నీ ఆ కొత్త బలానికి తట్టుకోవాలి. అవి పాత బలానికి లెక్కేసి చేసినవి. పైగా కంపెనీ స్పెసిఫికేషన్ మారిస్తే మోటారు వాహనాల చట్టం 52వ సెక్షన్ అడ్డొస్తుంది, ఇన్సూరెన్స్‌వాళ్ళు క్లెయిమ్ రోజున చూస్తామంటారు. ఆ కుర్రాడు ఇవేవీ చెప్పలేదు, సార్‌కి కూడా చెప్పలేదు.

కాబట్టి ఫిల్టర్ మార్పిస్తాను, ప్లగ్గులు చూపిస్తాను, మన పాత మెకానిక్ చేత సిలిండర్లలో కంప్రెషన్, అంటే ఒత్తిడి, కొలిపిస్తాను. అన్నీ బాగుంటే నా బండికి దేవుడిచ్చింది అంతేనని ఊరుకుని, బొబ్బిలి రోడ్డులో లారీ వెనకే పొగ పీలుస్తూ వెళ్తాను. లేదా కారు మారుస్తాను. చిన్నదాని కోచింగ్ ఫీజు ఇంకా రెండు వాయిదాలుంది. అది అయ్యాక.

ఇదంతా భోజనాల దగ్గర చెబితే చిన్నది ప్లేటులోంచి తలెత్తకుండా, "అమ్మా, ఈవీ కొనేయ్" అంది, కరెంటు కారన్నమాట. టియాగో ఈవీ పెద్ద బ్యాటరీదైతే 114 న్యూటన్ మీటర్లట, అదీ బండి కదలకముందు నుంచే. 3500 దాకా రేజ్ చెయ్యక్కర్లేదు, గేర్లే లేవు. లారీ పక్కన లారీ డ్రైవర్ ముఖం చూసే తీరికే ఉండదన్నమాట. వినగానే నాకూ ఆశ పుట్టింది. అయితే ఛార్జింగ్ పాయింట్ మా పార్కింగ్‌లో పెట్టుకోవాలంటే అసోసియేషన్ ఒప్పుకోవాలి. వచ్చే మీటింగ్‌లో ఎత్తుతాను. ఎత్తగానే సెక్రటరీగారు మా లిఫ్ట్ మెయింటెనెన్స్ బాకీ ఎత్తుతారు, అదీ ఈయన వైపు చూస్తూ.