వన్ బై టూ

మియాపూర్‌లో తమ్ముడి ఫ్లాటులో గడిపిన నాలుగు రోజుల గురించి చెప్పడానికేమీ లేదు. ఉదయం ఎనిమిదికల్లా ఇల్లు ఖాళీ అయ్యేది; చీకటి పడేదాకా నాతో నోరు విప్పినది అంతస్తుల సంఖ్య చెప్పే లిఫ్టు ఒక్కటే. ఎదురింటివారి పేరేమిటని అడిగితే, ఆరేళ్లుగా అక్కడే ఉంటున్న తమ్ముడు తలుపు మీది నంబరు చెప్పాడు.

ఆదివారం వాళ్లు నిద్ర లేవకముందే ఆబిడ్స్ ఫుట్‌పాత్ మీది పాత పుస్తకాల కోసం బయలుదేరి, 2025 మే నెలలో పెంచిన ఛార్జీకి గొణుక్కుంటూనే మెట్రో ఎక్కాను. పెట్టె చల్లగా, శుభ్రంగా ఉంది; అందరి చెవుల్లోనూ ఏదో ఒకటి ఉంది. పక్కనున్న కుర్రవాణ్ణి "ఏ ఊరు బాబూ?" అని అడిగాను. అతడు చెవిలోది తీసి, "నెక్స్ట్ అమీర్‌పేట, అంకుల్" అని చెప్పి మళ్లీ పెట్టుకున్నాడు.

అమీర్‌పేట! 2001లో జావా నేర్చుకోవడానికి రాజమండ్రి నుంచి వచ్చి, ఎస్సార్ నగర్ హాస్టల్లో ఉంటూ, ఆదివారాల్లో 218 బస్సుకు వేలాడుతూ ఈ పుస్తకాలకే వెళ్లేవాణ్ణి. ఒకనాడు కండక్టరు చిల్లర లేదని, నాకూ నా వెనక నిలబడ్డ ఒక అపరిచితుడికీ కలిపి ఒకే పది రూపాయల నోటిచ్చి, "మీరిద్దరూ దిగి పంచుకోండి" అన్నాడు. కండక్టరును తిట్టుకుంటూ ఇద్దరమూ నాంపల్లిలో దిగి, నోటు మార్చడానికి ఇరానీ హోటలుకు పోయి, ఊరికే చిల్లర అడగడం బాగుండదని వన్ బై టూ చాయ్ చెప్పాము. ఆ తరవాత రెండేళ్లు మా ఇద్దరిదీ ఒకే గది. ఇప్పుడతను డల్లాస్‌లో ఉన్నాడు. పుట్టినరోజులకు కేకు బొమ్మలు పంపుకుంటాము.

మియాపూర్ నుంచి నాంపల్లికి ముప్పావు గంటైనా పట్టలేదు. టికెట్టు ఫోనులోనే ఉంది కనుక ఎవరికీ ఎవరూ చిల్లర బాకీ లేరు. పుస్తకాలవాళ్లు ఇంకా పట్టాలు పరుస్తూనే ఉండడంతో, మిగిలిన సమయాన్ని ఏం చేసుకోవాలో తెలియక హోటలు వెతికి కూర్చున్నాను. అలవాటుగా నోటికి వన్ బై టూ అనే వచ్చింది. సర్వరు ఎదుటి ఖాళీ కుర్చీ వైపు చూశాడు గానీ ఏమీ అనకుండా రెండు కప్పులు తెచ్చిపెట్టాడు. డల్లాస్‌కు ఫోన్ చేద్దామనుకున్నాను. అక్కడ శనివారం అర్ధరాత్రి. మొదటి కప్పు తాగేసరికి రెండోదాని మీద మీగడ కట్టింది.